ఒక పేరు, ఒక పటం, ఇరవై నిమిషాలు: అస్తిత్వం మీద బహుకళా ప్రదర్శన రూపొందించే పద్ధతి

అస్తిత్వం అనే మాట తెలుగు పాఠకులకు కొత్తది కాదు. 1980ల నుంచి స్త్రీవాద, దళితవాద, ముస్లింవాద కవులు దానిని మన సాహిత్యంలో స్థిరపరిచారు. అదే విషయాన్ని రాత, బొమ్మ, అభినయం మూడింటినీ కలిపి చెప్పాలనుకునే హైదరాబాదు యువ కళాకారులు సాధారణంగా విదేశీ ప్రదర్శనల వీడియోలతో మొదలుపెడతారు. వాటిని చూడవద్దని అనను గాని, అంతకంటే ముందు సిద్దిపేట జిల్లా చేర్యాలలో నకాషీలనే సంప్రదాయ చిత్రకారులు పొడవాటి గుడ్డ మీద గీసే కథా పటాన్ని చూడమంటాను. కథలు చెప్పడమే వృత్తిగా ఉన్న డక్కలివారు మాదిగల ఎదుట జాంబపురాణాన్నీ, కూనపులివారు పద్మశాలీల ఎదుట మార్కండేయ పురాణాన్నీ ఆ పటాలు విప్పి చెబుతారు. మనం ఎవరం, ఎక్కడి నుంచి వచ్చాం అన్నదానికి ఒక కులం తనకు తాను చెప్పుకునే జవాబు అది. అందులో ఎవరు ఎక్కడ నిలుచున్నారో బొమ్మ చూపుతుంది, ఏం జరిగిందో, ఎందుకు జరిగిందో గొంతు చెబుతుంది. మీ కృతిలోనూ పని ఇలాగే పంచుకోవాలి. రాసినదాన్నే గీసి, గీసినదాన్నే నటిస్తే ప్రేక్షకుడు ఒకే మాట మూడుసార్లు వినవలసి వస్తుంది.

‘నేనెవరు’ అన్నంత పెద్ద ప్రశ్నతో మొదలుపెట్టకండి, ఆరు నెలలైనా ఒక్క గీత పడదు. చేతికి అందే చిన్న వస్తువునో, ఒక మాటనో ఎంచుకోండి. ఉదాహరణకు మీ పేరునే తీసుకుందాం. పదో తరగతి మెమోలో ఒక రకంగా, రేషన్ కార్డులో ఇంకో రకంగా, ఆధార్‌లో మరో రకంగా అచ్చయిన పేర్లు మన ఇళ్లలో ఎన్నో ఉంటాయి. ఇంట్లో పిలిచే పేరు వీటన్నిటికీ వేరు.

మొదట రాయండి. మిమ్మల్ని ఎవరు, ఎక్కడ, ఏ పేరుతో, ఏ స్వరంతో పిలిచారో రెండు వారాల పాటు గుర్తుకు వచ్చినప్పుడల్లా రాసుకుంటూ పోయి, ఆ తర్వాత ఒక్క పేజీకి కుదించండి. ఇంటి భాష తెలంగాణ తెలుగైనా, దక్కనీ ఉర్దూ అయినా దానిని దిద్దవద్దు. పుస్తక భాషలోకి మారిస్తే మీరు వెతుకుతున్న మనిషే అందులోంచి జారిపోతాడు.

బొమ్మకు గుడ్డ సిద్ధం చేయడంలో నకాషీల పద్ధతి ఇక్కడ బాగా పనికి వస్తుంది. ఖద్దరు గుడ్డకు గంజి, సుద్దమట్టి, ఉడికించిన చింతగింజల జిగురు, చెట్టు బంక కలిపిన పూతను ఒకదాని మీద ఒకటిగా పట్టించి, ప్రతి పూతా పూర్తిగా ఆరిన తర్వాతే తరువాతిది వేయాలి. తొందరపడితే పూత బీటలు వారుతుంది. సుమారు మూడడుగుల వెడల్పుతో నిలువుగా వేలాడే పటంపై పైనుంచి కిందికి అడ్డ వరుసలు గీసి, ఒక్కొక్క వరుసలో ఒక్కొక్క కాగితంలో ఉన్న మీ పేరును అందులోని తప్పుతో సహా కుంచెతో రాయండి. చివరి వరుసను ఖాళీగా వదలండి.

ఆ ఖాళీ వరుసే మీ ప్రదర్శన. మీరు రాసిన పేజీని చదివి, ఇంట్లో పిలిచే పేరును ఒక్కసారి మాత్రమే గట్టిగా పలికి, కుంచెను ప్రేక్షకుల చేతికి ఇవ్వండి. విన్నది విన్నట్టు వారు రాస్తారు, కొందరు మళ్లీ తప్పే రాస్తారు. ఇరవై నిమిషాలకు మించి సాగదీయనవసరం లేదు. అయితే ప్రేక్షకుల చేతికి ఏదైనా ఇచ్చేటప్పుడు హద్దు ముందే గీసుకోవాలి. 1974లో ఇటలీలోని నేపుల్స్‌లో ప్రదర్శన కళాకారిణి మరీనా అబ్రమోవిచ్ 72 వస్తువులు బల్లపై పెట్టి, వాటితో తనను ఏమైనా చేయవచ్చునని ప్రేక్షకులకు చెప్పి ఆరు గంటలు కదలకుండా నిలబడినప్పుడు, చివరికి ఒకరు తూటా పెట్టిన తుపాకిని ఆమెకే గురిపెట్టారు. అవసరమైతే ప్రదర్శనను ఆపవలసిన మిత్రుణ్ణి ఒకరిని ముందు వరుసలో కూర్చోబెట్టండి.

చోటు విషయానికి వస్తే, రవీంద్రభారతి వంటి పెద్ద వేదికపై ఇలాంటి కృతి చిన్నబోతుంది. 2010 నుంచి బంజారాహిల్స్‌లో నడుస్తున్న లామకాన్ వంటి ఆరుబయలు ఆవరణలో ప్రేక్షకుడు పటం దాకా నడిచి రాగలడు. టాంక్‌బండ్ వంటి బహిరంగ స్థలాన్ని ఎంచుకుంటే పోలీసుల అనుమతి ముందుగా తీసుకోవాలి.

ఒక జాగ్రత్త మాత్రం చాలామంది మరిచిపోతారు. మీ కథలో మీ అమ్మా, తాతా కూడా ఉంటారు. వారి కులం, జబ్బు, అప్పు వంటివి నలుగురి ముందు చెప్పే ముందు ఆ పేజీని వారికి చదివి వినిపించండి. వద్దన్న వాక్యాన్ని తీసివేయండి, దాని చోట ఒక క్షణం మౌనంగా ఉన్నా సరిపోతుంది. ఫోటోలు, వీడియో తీయిస్తున్నట్లు ప్రేక్షకులకు ప్రవేశం దగ్గరే తెలియజేయండి. ప్రదర్శన ముగిశాక సిరా పూర్తిగా ఆరేవరకు పటాన్ని వేలాడనిచ్చి, రాత ఉన్న వైపు బయటికి వచ్చేలా లావుపాటి గొట్టం మీద వదులుగా చుట్టండి. లోపలికి చుడితే పూత నలిగి, మొదట రాలిపోయేది అక్షరాలే.