నిజాం–కంపెనీ ఒప్పందాలు చదవాలంటే

మాది కడప. హైదరాబాదు నిజాంకు, ఈస్టిండియా కంపెనీకి మధ్య కుదిరిన ఒప్పందాల పాఠం పిల్లలకు చెప్పేటప్పుడు నేను ఒప్పందం మొదటి పేజీ తెరవను. అక్కడ ఉండేవి స్నేహం గురించిన తియ్యటి మాటలే. నేరుగా డబ్బు షరతుల దగ్గరికి వెళ్లండి. సైన్యం ఎవరి మాట వింటుంది, జీతం ఎవరిస్తారు, బదులుగా ఏం పోతుంది? ఈ మూడింటి కింద పెన్సిల్‌తో గీత గీయండి.

1798 ఒప్పందంతో మొదలుపెట్టండి. నిజాం అలీఖాన్ తన ఖర్చుతో కంపెనీ పటాలాలను పెట్టుకున్నాడు. నిజాం కొలువులోని ఫ్రెంచి సేనాని రేమండ్ తీర్చిదిద్దిన, ఫ్రెంచి అధికారులు నడిపే సైన్యాన్ని ఆ అక్టోబరులోనే నిరాయుధం చేశారు. సొంత బలం పోయి అద్దె బలం వచ్చింది. నిజాంను పిరికివాడని తేల్చేయకండి, దయచేసి. 1795లో ఖర్దా దగ్గర మరాఠాలు ఆయన్ని ఓడించినప్పుడు కంపెనీ తటస్థమంటూ పక్కకు తప్పుకుంది. ఆ భయం తెలియకపోతే ఈ సంతకం అర్థం కాదు.

ఇక మ్యాపు పరిచి 1800 ఒప్పందం చదవండి. 1792లో, టిప్పు నేలకొరిగిన 1799లో, మైసూరు నుంచి నిజాం వాటాకు వచ్చిన సీమలకు రంగు వేయండి. కడప, బళ్లారి అందులోవే. పటాలాల ఖర్చు కింద అవన్నీ కంపెనీకి పోయాయి. గెలిచిన పక్షాన ఉండి కూడా ఆయనకు మిగల్లేదు! మా ఊళ్లకు థామస్ మన్రో కలెక్టరుగా వచ్చాడు, స్థానిక నాయకులైన పాలెగాళ్లు ఎదురుతిరిగారు.

తర్వాత 1853 నాటి బేరార్ ఒప్పందాన్ని మీరే చదవండి. బాకీ ఏ సైన్యం పేరు మీద పడిందో ముందు వెతకండి.