మలయాళం సినిమా ఎలా చూడాలంటే

ముందు డబ్బింగ్ మానేయండి. ఒరిజినల్ ఆడియో, కింద సబ్‌టైటిల్స్. డబ్బింగ్‌లో ఇడుక్కి యాస, కొచ్చి యాస ఒకటైపోతాయి.

మొదట ‘మహేషింటె ప్రతికారం’ (2016). కథ వెంట పరిగెత్తకండి. ఇడుక్కి కొండ ఊరు, చిన్న ఫోటో స్టూడియో, బజారు చూడండి. నలుగురిలో దెబ్బలు తిన్నవాడు పగ తీరేదాకా చెప్పులేసుకోనంటాడు. ఊళ్ళో పరువంటే ఏంటో ఆ వట్టి కాళ్ళే చెప్తాయి. వెంటనే మన ‘ఉమామహేశ్వర ఉగ్రరూపస్య’ (2020) పెట్టండి. కథ అదే, ఊరు అరకు. ఏం మార్చారో, ఏం మార్చకుండానే సరిపోయిందో కాగితం మీద రాసుకోండి (నాకు రెండోదే ఆసక్తి).

తర్వాత ‘ది గ్రేట్ ఇండియన్ కిచెన్’ (2021). మాటలు తక్కువ, గిన్నెల చప్పుడు ఎక్కువ. ఫార్వర్డ్ చేశారో, పోయినట్టే. 2018 నాటి శబరిమల తీర్పు (ఏ వయసు ఆడవాళ్ళైనా గుడిలోకి వెళ్ళొచ్చన్నది) గురించి ముందే కాస్త చదువుకోండి. భోజనం చేస్తూ మాత్రం చూడొద్దు.