మా తాబేలు పళ్లెంలో కలుపుమొక్కలు

కూర్మి మా ఇంటికి వచ్చినప్పుడు దాని బరువు 62 గ్రాములు. హెర్మన్ జాతి నేలతాబేలు, నా అరచేతిలో సగం కూడా ఉండేది కాదు. అమ్మినతను "లెట్యూస్, కీరదోస, టమాటా పెట్టండి, ఇష్టంగా తింటుంది" అని చెప్పాడు. నిజంగానే ఇష్టంగా తినేది. నాకూ చూడ్డానికి ముచ్చటగా ఉండేది. ఎనిమిది నెలలు అవే పెట్టాను. ఒకరోజు నీళ్లలో ఉంచి తీసి తుడుస్తుంటే, గట్టిగా ఉండాల్సిన డిప్ప అంచు నా బొటనవేలి కింద మెత్తగా వంగింది. డాక్టరు ఎక్స్‌రే తీసి చూపించారు. ఎముకలు సన్నగా, నీడల్లా కనిపించాయి. ఆ రాత్రి నాకు నిద్ర పట్టలేదు. ఇప్పుడు కూర్మికి ఏడేళ్లు, 890 గ్రాములు, డిప్ప గట్టిగా ఉంది. అది కోలుకునే దారిలో నేను నేర్చుకున్నదంతా, మీ తాబేలుకి ఆ అవస్థ రాకూడదని రాస్తున్నాను.

అన్నిటికంటే ముందు మీ దగ్గరున్నది ఏ జాతో తెలుసుకోండి. తాబేళ్లన్నిటికీ ఒకే తిండి పనికిరాదు. హెర్మన్, గ్రీక్, రష్యన్ జాతులు వెడల్పాటి ఆకులున్న కలుపుమొక్కలు తిని బతుకుతాయి. సల్కాటా, లెపర్డ్ జాతులు గడ్డి మేసేవి. వాటి తిండిలో ముప్పావు వంతుకు పైగా పచ్చిగడ్డి, ఎండుగడ్డే ఉండాలి. రెడ్‌ఫుట్ అడవి తాబేలు కాబట్టి పండ్లు, పుట్టగొడుగులు, అప్పుడప్పుడు కాస్త మాంసాహారం కూడా దానికి అవసరమే. నీటి తాబేళ్ల సంగతి పూర్తిగా వేరు, ఇక్కడ రాసింది వాటికి వర్తించదు. ఇంకో మాట. నక్షత్ర తాబేలు 2019లో సైట్స్ ఒప్పందం (అరుదైన జీవుల అంతర్జాతీయ వ్యాపారాన్ని అదుపుచేసే ఒప్పందం) మొదటి అనుబంధంలో, అంటే అన్నిటికంటే కఠినమైన జాబితాలో చేరింది. అలాంటి జాతుల్ని ఇంట్లో పెంచడానికి మీరుండే చోట చట్టం ఒప్పుకుంటుందో లేదో చూసుకోకుండా తెచ్చుకోవద్దు.

ఇక నుంచి నేను చెప్పేది ఎక్కువగా కూర్మి లాంటి ఆకు తినే తాబేళ్ల గురించి.

నాకు అర్థం కావడానికి చాలాకాలం పట్టిన విషయం ఒకటుంది. వీటి ఒళ్లు బీద తిండికి అలవాటుపడి తయారైంది. పీచు ఎక్కువ, చక్కెర తక్కువ, మాంసకృత్తులు తక్కువ, కాల్షియం దండిగా ఉన్న ముతక ఆకులే దానికి కావాలి. ఆ పీచును తాబేలు తనంతట తాను అరిగించుకోలేదు. పెద్దపేగులో ఉండే సూక్ష్మజీవులు దాన్ని నిదానంగా పులియబెట్టి అరిగిస్తాయి. మనం తినే కూరగాయల్ని మనుషులు తరాల తరబడి మెత్తగా, తియ్యగా, నీరుగా ఉండేలా పెంచుకుంటూ వచ్చారు. మనకు మంచిదైన ఆ మార్పే తాబేలుకి చేటు. లెక్క చూడండి: 100 గ్రాముల టమాటాలో కాల్షియం సుమారు 10 మిల్లీగ్రాములు, ఫాస్ఫరస్ 24. అదే 100 గ్రాముల డాండెలైన్ అనే కలుపుమొక్క ఆకులో కాల్షియం సుమారు 187, ఫాస్ఫరస్ 66. తిండిలో కాల్షియం ఫాస్ఫరస్‌కి కనీసం రెట్టింపు ఉండాలి. అది తలకిందులైతే ఒళ్లు తనకు కావాల్సిన కాల్షియాన్ని ఎముకల్లోంచి, డిప్పలోంచి లాక్కుంటుంది. కూర్మికి జరిగింది అదే. కడుపు నిండా తింటూనే లోపల కరిగిపోయింది.

అందుకని ఇప్పుడు మా ఇంట్లో రోజూ పొద్దున్నే ఒక బుట్ట కలుపు వస్తుంది. డాండెలైన్ ఆకులు, పూలు, ప్లాంటాగో, సో థిసిల్, కొంచెం క్లోవర్. వీటికి తోడు మందార ఆకులు, పూలు, మల్బరీ ఆకులు, ద్రాక్ష ఆకులు, గులాబీ రేకులు. నాగజెముడు దొరికితే ముళ్లు, నూగు పూర్తిగా తీసేసి ముక్కలు కోసి పెడతాను. కాల్షియం బాగా ఉంటుంది, కూర్మికి ప్రాణం. రోజూ ఒకే ఆకు పెట్టను, వారంలో ఏడెనిమిది రకాలైనా తిరిగేలా చూస్తాను. ఏ ఒక్క మొక్కలోనూ అన్నీ ఉండవు, ఏ ఒక్కదానిలోని చెడూ పోగుపడకూడదు. మందు కొట్టిన చోట, రోడ్డు పక్కన, కుక్కలు తిరిగే చోట కోయను. పూలకొట్టు నుంచి వచ్చిన పూలకి పురుగుమందు ఉంటుందనే అనుకోవాలి, అవి వద్దు. పేరు తెలియని మొక్క ఎంత పచ్చగా ఉన్నా బుట్టలో వేయను.

ఎంత పెట్టాలంటే, దాని డిప్ప ఎంతుందో ఇంచుమించు అంత కుప్ప. కడిగిన ఆకుల్ని తడి ఆరనివ్వకుండా పెడితే ఆ నీరూ లోపలికి వెళ్తుంది. పళ్లెం బదులు గరుకైన చదునురాయి వాడతాను. తాబేలుకి పళ్లుండవు, పక్షిలాంటి ముక్కే దాని కత్తెర. రాయి మీద తింటే ఆ ముక్కు అరిగి అదుపులో ఉంటుంది. ఆకుల్ని సన్నగా తరగొద్దు, చింపుకుని తిననివ్వండి. ఇసుక మీద, చిన్న గులకరాళ్ల మీద మాత్రం తిండి వేయకండి. ఆకుతోపాటు మింగేస్తే పేగు మూసుకుపోతుంది.

కాల్షియం పొడి కొనేటప్పుడు అందులో ఫాస్ఫరస్ లేదని చూసుకోండి. ఎదిగే పిల్లకి వారంలో మూడుసార్లు, పెద్దదానికి ఒకటి రెండుసార్లు, చిటికెడు చల్లితే చాలు. ఒక సముద్రఫేనం (కటిల్‌ఫిష్ అనే సముద్రజీవి ఒంట్లోని కాల్షియం పెంకు) ముక్క ఎప్పుడూ గూట్లో పడేసి ఉంచుతాను. కూర్మి కొన్ని వారాలు దాని వైపు చూడదు, ఒక్కోరోజు మాత్రం సగం కొరికేస్తుంది. విటమిన్ ఎ ఇంజెక్షన్లు మాత్రం సొంతంగా ఎవరి మాటా విని వేయించకండి. మోతాదు మించితే తాబేలు చర్మం పొరలు పొరలుగా ఊడిపోతుంది.

పాలకూర, తోటకూర, బీట్‌రూట్ ఆకులు విషం కావు, కానీ వాటిలోని ఆక్సలేట్లు కాల్షియాన్ని పట్టేసుకుంటాయి. నెలలో ఒకటి రెండుసార్లు, పిడికెడు చాలు. క్యాబేజీ జాతి ఆకులు ఎక్కువైతే థైరాయిడ్‌కి ఇబ్బంది. లెట్యూస్, కీరదోసలో నీళ్లే తప్ప పెద్దగా ఏమీ లేదు. జబ్బుపడి ఏమీ తినని తాబేలుని తిండి వైపు తిప్పడానికి పనికొస్తాయేమో గానీ రోజువారీ తిండి కావు. కుక్క బిస్కెట్లు, పిల్లి ఆహారం, రొట్టె, పాలు, మాంసం, అవకాడో, ఉల్లిపాయ అసలు వద్దు. గన్నేరు, బిళ్లగన్నేరు, ఉమ్మెత్త, జిల్లేడు, టమాటా మొక్క ఆకులు, కుండీల్లో పెంచే డైఫెన్‌బాకియా, ఫిలోడెండ్రాన్ దాని కంటికి కూడా కనబడకూడదు. తాబేలుకి ఏది విషమో తెలుస్తుందిలే అని ఊరుకోకండి.

పండ్ల గురించి చాలామంది నాతో వాదిస్తారు. తింటోంది కదా అంటారు. తింటుంది, ఎరుపూ పసుపూ కనిపిస్తే పరుగెత్తుకొస్తుంది. కానీ ఆ చక్కెర పెద్దపేగులోని సూక్ష్మజీవుల పొత్తును చెడగొడుతుంది, విరేచనాలు పట్టుకుంటాయి, పరాన్నజీవులు పెరుగుతాయి. హెర్మన్, గ్రీక్, రష్యన్, సల్కాటా, లెపర్డ్ తాబేళ్లకి పండు పెట్టకపోతే కొరతేమీ లేదు. నేను పూర్తిగా మానేశాను.

తిండి ఎంత మంచిదైనా ఎండ లేకపోతే వృథా. కాల్షియం ఒంటికి పట్టాలంటే విటమిన్ డి3 కావాలి, అది చర్మంలో తయారవ్వాలంటే ఎండలోని యూవీబీ అనే అతినీలలోహిత కిరణాలు పడాలి. కిటికీ అద్దంలోంచి వచ్చే ఎండ లెక్కలోకి రాదు, గాజు ఆ కిరణాల్ని దాదాపు మొత్తం ఆపేస్తుంది. నేను మొదట చేసిన రెండో తప్పు అదే. నేరుగా ఎండ, పక్కనే నీడ ఉండే చోటు ఇవ్వండి. కుదరకపోతే యూవీబీ దీపం పెట్టండి. వెలుగు బాగానే ఉన్నా దాని యూవీబీ తగ్గిపోతుంది కాబట్టి కంపెనీ చెప్పిన గడువుకి, సాధారణంగా 6 నుంచి 12 నెలలకి, మార్చాలి. ఎండకాగే చోట 32 నుంచి 35 డిగ్రీల వేడి ఉండాలి. ఒళ్లు చల్లగా ఉన్న తాబేలు తిన్నది అరగదు, పేగులోనే కుళ్లుతుంది.

నీళ్లూ తిండిలో భాగమే. గోరువెచ్చని నీళ్లలో, గడ్డం దాకా తగిలేలా 15–20 నిమిషాలు ఉంచండి. పిల్లలకి రోజూ, పెద్దవాటికి వారంలో రెండుసార్లు. మూత్రంతోపాటు వచ్చే తెల్లటి పదార్థం మెత్తగా ఉంటే బాగున్నట్టు, ఇసుకలా గరగరలాడితే నీళ్లు చాలనట్టు. డిప్ప మీద పిరమిడ్ల లాంటి బుడిపెలు మాంసకృత్తులు ఎక్కువవడం వల్లే వస్తాయని అందరూ అంటుంటారు. సల్కాటా పిల్లల మీద చేసి 2003లో ప్రచురించిన ఒక పరిశోధనలో మాంసకృత్తుల కంటే గాలిలో తేమ తక్కువవడమే పెద్ద కారణమని తేలింది. అందుకే పిల్ల తాబేలు గూట్లో ఒక మూల ఎప్పుడూ తడిగా ఉండాలి.

సెయింట్ హెలీనా దీవికి 1882లో తెచ్చిన జొనాథన్ అనే పెద్ద తాబేలు గురించి చదివినప్పుడు నాకు ధైర్యం వచ్చింది. 1832 ప్రాంతంలో పుట్టిందని అంచనా. కళ్లలో శుక్లాలు, వాసన తెలియదు, గడ్డి సరిగా దొరకబుచ్చుకోలేక ముక్కు మొద్దుబారిపోయింది. పశువైద్యుడు వారానికోసారి చేత్తో కూరగాయలు, పండ్లు తినిపించడం మొదలుపెట్టాక ముక్కు మళ్లీ పదునెక్కింది, బరువు పెరిగింది. మైదానంలో మేతకి అది అదనం మాత్రమే. అంత వయసులో తిండి మారిస్తే కోలుకున్నప్పుడు, నా పిల్ల తాబేలు కోలుకోదా అనుకున్నాను.

మార్చడం మాత్రం తేలిక కాదు. మొదటిరోజు డాండెలైన్ పెడితే కూర్మి వాసన చూసి దాని మీద నుంచి నడిచి వెళ్లిపోయింది. అప్పుడొక్కసారికి ఆకుల్ని సన్నగా తరిగి, లెట్యూస్‌లో పదోవంతు కలిపాను. నాలుగైదు రోజులకోసారి కలుపుమొక్కల వంతు పెంచుతూ, లెట్యూస్ తగ్గిస్తూ వచ్చాను. మూడు వారాలు పట్టింది. ఆరోగ్యంగా ఉన్న పెద్ద తాబేలు కొన్నిరోజులు అలిగి తినకపోయినా ఫరవాలేదు. పిల్లదైతే రెండు మూడు రోజులు దాటనివ్వకుండా డాక్టరుని అడగండి.

చలికాలంలో నిద్రపోయే జాతులకి నిద్రకి ముందు రెండు మూడు వారాలు తిండి ఆపి, నీళ్లలో ఉంచడం మాత్రం కొనసాగించాలి. పేగు ఖాళీ అవ్వాలి. సల్కాటా, లెపర్డ్, రెడ్‌ఫుట్ తాబేళ్లని అసలు నిద్రకి పంపకూడదు.

వంటింటి త్రాసు మీద ప్రతి ఆదివారం కూర్మిని తూచి ఒక నోట్‌బుక్‌లో రాస్తాను. ఒక వారం పది గ్రాములు తగ్గితే టెన్షన్ పడను, నీళ్లు వదిలి ఉంటుంది. మూడు వారాలు వరసగా తగ్గితే, ముక్కులోంచి నీరు కారితే, కళ్లు ఉబ్బితే, డిప్ప ఎక్కడైనా వేలికి మెత్తగా తగిలితే ఆ నోట్‌బుక్ తీసుకుని అదేరోజు సరీసృపాలు చూసే డాక్టరు దగ్గరికి వెళ్తాను.