గడువులోపే చేశామంటారు, కంటెంప్ట్ నోటీసు వచ్చింది: లోపం ఎక్కడ?

సమస్య: హైకోర్టు ఉత్తర్వు అమలైంది. అయినా ఆలస్యం చేశారంటూ పిటిషనర్ కోర్టు ధిక్కరణ కేసు వేశాడు. స్వయంగా హాజరు కావాలని అధికారి పేరుతోనే ఫారం-1 నోటీసు వచ్చింది.

మొదట చూడాల్సింది: ఫైల్లో స్టే కాపీ ఉందా? "అప్పీలు వేశాం సార్" అని ఫైలు పక్కన పెట్టేస్తారు. అప్పీలు వేసినంత మాత్రాన ఉత్తర్వు ఆగదు. స్టే వచ్చేదాకా గడువు నడుస్తూనే ఉంటుంది. జిల్లా ఆఫీసులో కోర్టు కేసుల సెక్షన్ చూసినన్నాళ్లూ ఇదే మాట చెప్పాను. ఇప్పటికీ ఎవరూ చూడరు.

అసలు కారణం చాలాసార్లు తపాలులో ఉంటుంది. ఉత్తర్వు చివర "కాపీ అందిన నాటి నుంచి 4 వారాల్లో" అని ఉంటుంది. ఎవరి ద్వారా అందిన కాపీ అన్నది సాధారణంగా ఉండదు. మనం జీపీ (హైకోర్టులో ప్రభుత్వం తరఫున వాదించే ప్రభుత్వ న్యాయవాది) ఆఫీసు నుంచి వచ్చిన తేదీ పట్టుకుంటాం. పిటిషనరేమో అంతకుముందే అర్జీకి కాపీ జతచేసి రిజిస్టర్ పోస్టులో పంపి ఉంటాడు. మా ఆఫీసులో అలాంటి కవరును మామూలు అర్జీ అనుకుని వేరే సెక్షన్‌కు మార్క్ చేశారు. జీపీ కాపీ 6 వారాల తర్వాత వచ్చింది. అక్కడి నుంచి లెక్కపెట్టి, గడువులోపే చేశామని కౌంటరులో, అంటే ప్రమాణం చేసి కోర్టుకిచ్చే జవాబులో, రాశాం. అవతలి వకీలు మా ఆఫీసు ముద్ర ఉన్న అక్‌నాలెడ్జ్‌మెంట్ కార్డు చూపించారు. ఆలస్యంతో పోయేది, ప్రమాణం చేసి తప్పు తేదీ చెప్పినట్టయింది. ఆ రోజు కోర్టు హాల్లో మా అధికారి ముఖం నాకింకా గుర్తుంది.

పరిష్కారం: ఉత్తర్వు తేదీ నుంచి ఇన్‌వర్డ్ రిజిస్టరంతా (వచ్చిన తపాలు నమోదు చేసేది) పిటిషనర్ పేరుతో వెతకండి, అన్ని సెక్షన్లలోనూ. మొదట అందిన తేదీనే లెక్క. గడువు సరిపోదనిపిస్తే అది ముగియకముందే, ఉత్తర్వు వచ్చిన అదే రిట్ కేసులో పొడిగింపు పిటిషన్ వేయించండి. దాటిపోయి ఉంటే ముందు అమలు చేయండి, తర్వాతే కౌంటరు. అందులో బేషరతు క్షమాపణ మొదట రావాలి. తర్వాత ఫైలు ఏ తేదీన ఎక్కడ ఆగిందో ఉన్నదున్నట్టు రాయండి. కావాలని చేసిన ఉల్లంఘనే సివిల్ ధిక్కరణ కాబట్టి, ఆలస్యం కావాలని చేసింది కాదని చూపేవి ఆ తేదీలే.

"చేసేశాంగా, కేసు కొట్టేస్తారు" అన్న ధీమా వద్దు. 1971 కోర్టు ధిక్కరణ చట్టం ప్రకారం 6 నెలల వరకు సాధారణ జైలు, 2,000 రూపాయల వరకు జరిమానా, లేదా రెండూ పడొచ్చు. 2022 మార్చి 31న ఏపీ హైకోర్టు ఒకేసారి 8 మంది ఐఏఎస్‌లకు 2 వారాల జైలు వేసింది. క్షమాపణ చెప్పాకే దాన్ని సంక్షేమ హాస్టళ్లలో సేవగా మార్చింది.

ఉత్తర్వు అర్థం కాకపోవడం అరుదు. నిజంగా అర్థం కాకపోతే సొంత అర్థం తీయకుండా స్పష్టత కోరుతూ పిటిషన్ వేయించండి. అధికారి బదిలీ అయితే ఛార్జి అప్పగించిన తేదీ కూడా కౌంటరులో రాయండి.