హైకోర్టు ఉత్తర్వు అమలు కానప్పుడు ధిక్కార పిటిషన్ గడువును లెక్కించుకోవడం ఎలా?

కాలువ తవ్వకంలో భూమి పోయిన అనంతపురం జిల్లా రైతు ఒకరు మా ఆఫీసుకు వచ్చి, ప్లాస్టిక్ కవరులోంచి పదకొండు అర్జీల నకళ్లు తీసి బల్ల మీద పరిచారు. ఆయన పరిహారం సంగతి ఎనిమిది వారాల్లో తేల్చాలని హైకోర్టు ఉత్తర్వు ఇచ్చింది. గడువు దాటినా అధికారులు కదలకపోవడంతో, సోమవారం వచ్చినప్పుడల్లా కలెక్టరేట్‌లో అర్జీ ఇస్తూ వచ్చారు. ప్రతి నకలు మీదా ఇన్‌వార్డు ముద్ర, నంబరు, తేదీ ఉన్నాయి. కానీ కోర్టు ఉత్తర్వును పాటించని అధికారి మీద ధిక్కార పిటిషన్ వేయాల్సిన గడువు అప్పటికి పంతొమ్మిది రోజుల కిందటే ముగిసింది. ఇంత ఓపిగ్గా తిరిగిన మనిషికి ఆ ఒక్క మాట ఎవరూ చెప్పకపోవడం నన్ను ఇప్పటికీ బాధిస్తుంది.

కోర్టు ధిక్కరణ చట్టం, 1971లోని 20వ సెక్షన్ ప్రకారం, ధిక్కరణ జరిగిందని చెబుతున్న తేదీ నుంచి ఏడాదిలోపు చర్య మొదలు కావాలి. ఆ ఏడాదిలోగా పిటిషన్ దాఖలైతే చాలునని, విచారణ తర్వాత జరిగినా ఇబ్బంది లేదని సుప్రీంకోర్టు 2001లో పల్లవ్ సేథ్ కేసులో స్పష్టం చేసింది. మధ్యలో ఎన్ని అర్జీలు పెట్టినా, ఎన్ని లాయరు నోటీసులు పంపినా ఈ గడువు పెరగదు.

లెక్క మొదలయ్యేది ఉత్తర్వు తేదీ నుంచి కాదు, అమలుకు ఇచ్చిన గడువు తీరిన నాటి నుంచి. ఉదాహరణకు, "ఉత్తర్వు ప్రతి అందిన ఎనిమిది వారాల్లోగా" అని ఉండి, ఆ ప్రతి అధికారికి 2024 జనవరి 31న అందిందనుకుందాం. ఎనిమిది వారాలు మార్చి 27తో ముగుస్తాయి కాబట్టి, 2025 మార్చి 27లోపు పిటిషన్ పడాలి. అందువల్ల సర్టిఫైడ్ కాపీ (కోర్టు ధ్రువీకరించి ఇచ్చే ఉత్తర్వు నకలు) చేతికి రాగానే స్పీడ్ పోస్టులో పంపి, ఇంకొక ప్రతిని స్వయంగా ఆఫీసులో ఇచ్చి, మన నకలు మీద ముద్ర వేయించుకోవాలి. ప్రతి అందిన తేదీకి రుజువు లేకపోతే, అవతలి పక్షం మొట్టమొదట ఆ తేదీ మీదే వాదన లేవదీస్తుంది.

హైకోర్టు అమరావతిలో ఉంది. కర్నూలు, కడప, అనంతపురం నుంచి కాగితాలు అక్కడి లాయరుకు చేరి, అఫిడవిట్ తయారై, సంతకాలై, కోర్టు ఆఫీసు లేవనెత్తిన అభ్యంతరాలు సరిదిద్దేసరికి వారాలు గడుస్తాయి కాబట్టి, కనీసం రెండు నెలల ముందే పని మొదలుపెట్టడం మంచిది. పిటిషన్‌లో హోదాతో పాటు అధికారి పేరు కూడా ఉండాలి. బదిలీలు జరిగి ఉంటే, ఆ గడువు కాలంలో ఆ పదవిలో ఎవరు ఉన్నారో సమాచార హక్కు చట్టం కింద అడిగి తెలుసుకోవచ్చు. జవాబుకు ముప్పై రోజులు పడుతుందని మాత్రం మరచిపోకూడదు.

"ఇప్పటికీ అమలు చేయలేదు కదా, ధిక్కరణ రోజూ జరుగుతున్నట్టే కదా" అని చాలామంది ధైర్యంగా ఉంటారు. ఆ ధైర్యం ప్రమాదకరం. తెలంగాణ నుంచి వెళ్లిన ఎస్. తిరుపతిరావు కేసులో సుప్రీంకోర్టు 2024లో, ఒకసారి జరిగిన ఉల్లంఘన ఫలితం కొనసాగినంత మాత్రాన ఉల్లంఘనే కొనసాగుతున్నట్టు కాదని చెప్పి, ఆలస్యంగా వేసిన పిటిషన్‌ను గడువు దాటినదిగా తేల్చింది. అప్పీలు వేశామని అధికారి జవాబిచ్చినా, స్టే లేనంతవరకు ఉత్తర్వు అమల్లోనే ఉంటుంది కాబట్టి, ఆ మాట విని ఆగిపోకూడదు.

"పరిశీలించి నిర్ణయం తీసుకోండి" అన్న ఉత్తర్వు సంగతి వేరు. అధికారి పరిశీలించి తిరస్కరిస్తే, ఆ తిరస్కరణ తప్పే అయినా సాధారణంగా ధిక్కరణ కిందికి రాదు. దానిని కొత్త రిట్‌తో, అంటే అధికారి నిర్ణయాన్ని ప్రశ్నిస్తూ హైకోర్టులో వేసే పిటిషన్‌తో, సవాలు చేయాలి.

జిల్లాలోని సివిల్ కోర్టు ఇచ్చిన తాత్కాలిక ఇంజంక్షన్‌ను (కేసు తేలేవరకు ఫలానా పని చేయవద్దనే ఉత్తర్వును) ఉల్లంఘిస్తే, సివిల్ ప్రొసీజర్ కోడ్ 39వ ఆర్డర్, 2ఏ రూలు కింద ఆ కోర్టులోనే పిటిషన్ వేయవచ్చు. ఆస్తి జప్తుకూ, మూడు నెలల వరకు సివిల్ జైలుకూ అందులో వీలుంది. తుది డిక్రీ చేతిలో ఉన్నవారికి, దాన్ని అమలు చేయించమని కోరే ఎగ్జిక్యూషన్ పిటిషన్ దారి ఉంటుంది. దానికి సాధారణంగా పన్నెండేళ్ల గడువు ఉన్నా, ఫలానా పని చేసి తీరాలనే మాండేటరీ ఇంజంక్షన్ డిక్రీకి మాత్రం మూడేళ్లే.