ఆటలో రెడ్, టీవీలో యాష్: ఒకే హీరోను రెండు చోట్లా పోల్చి చూడటం ఎలా?

ఏప్రిల్, మే నెలల్లో నల్లగొండ ఎండకు పిల్లలు గడప దాటరు. ఒకడు టీవీలో పోకెమాన్ అనే వింత జీవులను పట్టి, పెంచి, పోటీలకు దించే కార్టూన్ పెట్టుకుంటాడు, ఇంకొకడు అదే పేరున్న వీడియో గేమ్ ముందేసుకుంటాడు. చీకటి పడేసరికి లొల్లి షురూ. "మీ యాష్‌కంటే మా రెడ్డే తోపు" అని ఒకడంటే, "మీవోనికి నోట్లో మాటే లేదు" అని ఇంకొకడు. తీర్పు చెప్పమని చివరికి పెద్దవాళ్లను లాగుతారు. పోకెమాన్ గురించి పెద్దగా తెలియనివాళ్లు కూడా ఈ పంచాయితీ తీర్చగలిగేలా, పద్ధతిగా పోల్చడం ఎలాగో చెప్తాను. యూట్యూబ్ వీడియో చేద్దామనుకునేవాళ్లకు, స్కూల్ ప్రాజెక్టు రాసేవాళ్లకు కూడా ఇదే దారి.

"ఎవరు గొప్ప?" అనే ప్రశ్నతో మొదలుపెట్టకండి. దానికి జవాబు రాదు, కొట్లాట వస్తుంది. "ఇక్కడ నిర్ణయం ఎవరిది?" అని అడగండి. గేమ్‌లో హీరో చేసే ప్రతి పనీ ఆడేవాడి నిర్ణయం. కార్టూన్‌లో హీరో తనే నిర్ణయం తీసుకుంటాడు, మనం చూస్తూ కూర్చుంటాం. మిగతా తేడాల్లో చాలావరకు ఇక్కడే పుట్టాయి.

1. ఏ గేమో, ఏ సీజనో ముందు తేల్చుకోండి

పోకెమాన్ అని ఊరికే అంటే కుదరదు. గేమ్ ఫ్రీక్ కంపెనీ తయారు చేసిన రెడ్, గ్రీన్ గేమ్‌లు 1996 ఫిబ్రవరి 27న జపాన్‌లో నింటెండో వాళ్ల చేతిలో పట్టే గేమ్ మెషీన్ గేమ్ బాయ్ మీద వచ్చాయి. యాష్ హీరోగా కార్టూన్ 1997 ఏప్రిల్ 1న మొదలైంది. అంటే గేమ్ ముందు, కార్టూన్ తర్వాత. కానీ కథ అక్కడ ఆగలేదు. కార్టూన్ బాగా ఆడేసరికి 1998లో దాన్ని చూసి ఎల్లో అనే గేమ్ చేశారు. అందులో మొదటి పోకెమాన్‌గా కరెంటు వదిలే పికాచునే ఇస్తారు. అది పోకెమాన్‌లను ఉంచే పోకే బాల్‌లోకి పోనని మొండికేసి మన వెనకే నడుస్తుంది. కార్టూన్‌లోని టీమ్ రాకెట్ దొంగలు జెస్సీ, జేమ్స్ కూడా ఎదురవుతారు. నాగార్జునసాగర్ పవర్‌హౌస్‌లో కిందికి వదిలిన నీళ్లనే అవసరమైనప్పుడు వెనక్కి పంపు చేసి పైకెక్కిస్తారు కదా, ఇక్కడా అంతే. కథ కిందికి పారింది, మళ్లీ పైకెక్కింది.

కాబట్టి నోట్‌బుక్‌లో మొదటి పేజీలోనే రాసి పెట్టుకోండి: రెడ్ వెర్షన్ ఒక పక్క, ఇండిగో లీగ్ అనే మొదటి సీజన్ ఇంకో పక్క. ఎవరైనా ఎల్లో నుంచి ఉదాహరణ తెస్తే దాన్ని విడిగా పెట్టండి, ఎందుకంటే అది అప్పటికే కార్టూన్ నుంచి అప్పు తెచ్చుకున్నది. ఇదే కథను, అంటే కాంటో అనే కల్పిత ప్రాంతంలో జరిగేదాన్ని, 2004లో ఫైర్‌రెడ్‌గా, 2018లో లెట్స్ గో పికాచుగా మళ్లీ చేశారు. వాటిని 1997 నాటి యాష్ పక్కన పెడితే పోలిక వంకర పోతుంది.

గేమ్ ఆడే వీలు లేనివాళ్లు ఎవరో ఆడిన పూర్తి వీడియో చూడొచ్చు. ఒక్క షరతు: అందులో నిర్ణయాలు రెడ్‌వి కావు, ఆ ఆడినాయనవి. అది మర్చిపోతే ఆయన అలవాట్లన్నీ హీరోకు అంటగడతారు.

2. తెర మీద కనిపించిందే రాయండి

పేజీని రెండు నిలువు గళ్లుగా చేసి, ఒక్కో హీరో గురించి మనకు నిజంగా తెలిసింది రాయాలి.

యాష్ గడి గబగబా నిండిపోతుంది. పదేళ్ల పిల్లాడు, ప్యాలెట్ టౌన్, అమ్మ పేరు డీలియా. మొదటి రోజే నిద్ర లేవడం ఆలస్యమైంది. పరుగెత్తుకుంటూ పోయేసరికి కొత్తవాళ్లకు మొదటి పోకెమాన్ ఇచ్చే ప్రొఫెసర్ ఓక్ దగ్గర బల్బసోర్, చార్మాండర్, స్క్విర్టిల్ మూడూ అయిపోయాయి. మిగిలింది మాట వినని పికాచు. నోటికి హద్దు లేదు, గొప్పలు పోతాడు, ఏడుస్తాడు.

రెడ్ గడిలో ఏముంటుంది? అదే ఊరు, ఒక అమ్మ, పక్కింట్లో ఒక పోటీదారుడు. పేరు కూడా మనమే పెట్టాలి. ఇంగ్లిష్ రెడ్ వెర్షన్‌లో సిద్ధంగా ఉంచిన పేర్లలో యాష్ అనేది కూడా ఉంది! అతను ఒక్క మాటా మాట్లాడడు. 1999లో వచ్చిన గోల్డ్, సిల్వర్ గేమ్‌ల చివర్లో మౌంట్ సిల్వర్ మీద ఎదురైనప్పుడు కూడా అతని మాటల చోట చుక్కలే కనిపిస్తాయి. ఆ చుక్కల తర్వాత 81వ లెవెల్ పికాచును బయటికి వదులుతాడు.

ఇక్కడ చాలామంది "రెడ్ గంభీరమైనవాడు, మితభాషి" అని రాసేస్తారు. వద్దు. మాట్లాడకపోవడం అతని గుణం అని గేమ్ ఎక్కడా చెప్పలేదు. ఆ చోటు మన కోసం వదిలిపెట్టారు. గడి ఖాళీగా ఉంటే ఖాళీగానే ఉంచండి. ఆ ఖాళీ కూడా ఒక జవాబే.

3. ఇద్దరికీ ఎదురైన ఒకే ఘటన పట్టుకోండి

అసలు పని ఇక్కడుంది. కథ మొత్తాన్ని పోల్చబోతే తల తిరుగుతుంది. ఒక్క ఘటన చాలు. నేను ప్యూటర్ సిటీ జిమ్ లీడర్ బ్రాక్‌తో పోరును తీసుకుంటాను, ఎందుకంటే అది ఇద్దరికీ మొదటి పరీక్ష. జిమ్ అంటే పోకెమాన్ పోటీలు జరిగే చోటు, దాని లీడర్‌ను గెలిస్తే బ్యాడ్జ్ వస్తుంది.

రెడ్ వెర్షన్‌లో బ్రాక్ దగ్గర 12వ లెవెల్ జియోడ్యూడ్, 14వ లెవెల్ ఓనిక్స్ అనే పోకెమాన్‌లు ఉంటాయి. రెండూ రాయి, నేల రకాలకు చెందినవి. నేల రకం మీద కరెంటు దెబ్బ ఎంత కొట్టినా సున్నా. మొక్క రకం బల్బసోరో, నీటి రకం స్క్విర్టిలో తీసుకున్నవాడికి ఈ పోరు నల్లేరు మీద నడక. నిప్పు రకం చార్మాండర్ తీసుకున్నవాడికి టెన్షన్. ఎల్లోలో చేతిలో పికాచే ఉంటుంది కాబట్టి, గేమ్ చేసినవాళ్లే జాలిపడి 22వ నంబర్ రూట్ మీద గడ్డిలో మాంకీ అనే పోకెమాన్‌ను పెట్టారు, దాని దెబ్బలు రాయి మీద గట్టిగా పని చేస్తాయి. అంటే గేమ్‌లో ఈ పోరు జిమ్ లోపల కాదు, దానికి ముందే గడ్డిలో తిరుగుతూ ఉండగానే తేలిపోతుంది. గెలుపు ఓటములు ఆడేవాడు చేసుకున్న ఏర్పాటును బట్టి ఉంటాయి.

కార్టూన్ ఐదో ఎపిసోడ్‌లో యాష్ ఏ ఏర్పాటూ లేకుండా పికాచుతో బ్రాక్ ముందుకు పోయి చిత్తుగా ఓడిపోతాడు. ఫ్లింట్ అనే ఆయన, తర్వాత తెలుస్తుంది బ్రాక్ తండ్రేనని, ఒక పాత నీటి చక్రం జనరేటర్ దగ్గరికి తీసుకుపోతాడు. యాష్ తనే ఆ చక్రం తిప్పి పికాచుకు కరెంటు ఎక్కిస్తాడు. రెండోసారి పోరులో ఓనిక్స్ పికాచును చుట్టేస్తుంది. పికాచు వదిలిన కరెంటుకు మంటలు లేచి, పైకప్పులో ఉన్న స్ప్రింక్లర్లు తెరుచుకుంటాయి. ఓనిక్స్ తడిసిపోతుంది. ఇక కరెంటు దానికి తగులుతుంది. గెలుపు చేతికందే సమయానికి బ్రాక్ చెల్లెళ్లు, తమ్ముళ్లు వచ్చి యాష్‌ను పట్టుకుని వేలాడతారు. యాష్ ఆపేస్తాడు. స్ప్రింక్లర్ల వల్ల వచ్చిన గెలుపు గెలుపు కాదని చెప్పి బయటికి నడుస్తాడు. వెనకాలే బ్రాక్ వచ్చి బ్యాడ్జ్ ఇచ్చేస్తాడు.

ఇప్పుడు రెండు గళ్లలో జవాబులు రాయండి: రూల్ ఏమిటి, ఎవరు వంచారు, నిర్ణయం ఎప్పుడు జరిగింది, దానికి ఏం పోయింది. గేమ్‌లో తడిసిన రాయి, తడవని రాయి అనే తేడా లేదు. కార్టూన్ రూల్‌ను వంచింది, కాకపోతే వంచడానికి ఒక కారణం చూపించింది. నాకైతే ఆ స్ప్రింక్లర్ వ్యవహారం దొంగాటలాగే ఉంటుంది. కానీ ఆ తర్వాత జరిగింది చూడండి: గెలిచే పోరును యాష్ వదిలేశాడు. గేమ్‌లో ఇది అసాధ్యం. ట్రైనర్‌తో పోరు మధ్యలో తప్పుకోబోతే, పారిపోవడం కుదరదని గేమ్ ముఖం మీదే చెప్తుంది. జాలిపడే బటన్ లేదు. యాష్ మంచితనం గురించి ఏదైనా రాయాలంటే, రెడ్‌కు ఆ అవకాశమే ఇవ్వలేదని పక్కనే రాయాలి.

4. బ్యాడ్జ్‌లు ఎలా వచ్చాయో లెక్క తీయండి

రెడ్‌కు ఎనిమిది బ్యాడ్జ్‌లు, ఎనిమిదీ కొట్టి గెలిచినవి. లేకపోతే గేమ్ ముందుకు సాగదు.

యాష్ ఎనిమిదింటిలో నాలుగు బహుమానం లాంటివి. బ్రాక్ ఇచ్చిన బౌల్డర్ సంగతి చూశాం. సెరులియన్‌లో టీమ్ రాకెట్‌ను తరిమినందుకు ఆ జిమ్ నడిపే మిస్టీ అక్కలు క్యాస్కేడ్ ఇచ్చారు. సెలడాన్‌లో మంటల్లోంచి గ్లూమ్ అనే పోకెమాన్‌ను కాపాడినందుకు రెయిన్‌బో వచ్చింది. శాఫ్రన్‌లో హాంటర్ అనే దెయ్యం పోకెమాన్ చేష్టలకు జిమ్ లీడర్ సబ్రీనా నవ్వి పోరు వదిలేసింది, మార్ష్ చేతికొచ్చింది. ఇది విని దేవరకొండలో ఉన్న మా అక్క కొడుకు మండిపడ్డాడు. "చిన్నమ్మా, గెలవకుండ బ్యాడ్జ్ తీసుకున్నోడు హీరో ఎట్లయితడు?"

మంచి ప్రశ్నే, కొట్టిపారేయకూడదు. వాడికి చెప్పిందే ఇక్కడా చెప్తున్నాను: ఆ నాలుగు బ్యాడ్జ్‌ల పక్కన ఆ ఎపిసోడ్‌లో యాష్ ఎవరికి ఏం చేశాడో రాయి, తర్వాత మాట్లాడదాం. గేమ్ బ్యాడ్జ్ బలానికి కొలత. ఆ సీజన్ రాసినవాళ్లు దాన్ని నడవడికకు కొలత చేశారు. అది నచ్చకపోవచ్చు, వాడికి ఇప్పటికీ నచ్చలేదు.

5. ఓడితే ఏం పోతుందో చూడండి

గేమ్‌లో మన పోకెమాన్‌లన్నీ పడిపోతే చేతిలో డబ్బు సగం పోతుంది, చివరగా వెళ్లిన, పోకెమాన్‌లకు వైద్యం చేసే పోకెమాన్ సెంటర్‌లో తేలతాం. మళ్లీ మొదలు. ఆ ఓటమిని ఇంకెవరూ గుర్తుపెట్టుకోరు.

యాష్ ఓటములు అలా చెరిగిపోవు. వర్షంలో ఒక రాయి మీద, తోక మంట ఆరకుండా ఆకు అడ్డం పెట్టుకుని, వదిలేసి పోయిన యజమాని కోసం ఎదురుచూసే చార్మాండర్‌ను యాష్ కాపాడతాడు. వాన పడితే చార్మాండర్ తోక చివర ఆవిరి లేస్తుందని గేమ్‌లో పోకెమాన్‌ల వివరాలు చెప్పే పోకెడెక్స్‌లో ఒక్క వాక్యం ఉంది. కార్టూన్ దాన్నే ప్రాణాపాయం చేసి ఒక ఎపిసోడ్ నడిపింది. ఆ పిల్ల చార్మాండర్ పెరిగి చార్మీలియన్, ఆ తర్వాత చారిజార్డ్ అయ్యే క్రమంలో మాట వినడం మానేసింది. ఇండిగో లీగ్ పోటీలో రిచీ అనే పోటీదారుడితో పోరు మధ్యలో పడుకుంది, యాష్ మొదటి పదహారు మందిలోనే ఆగిపోయాడు. గేమ్‌లో సొంతంగా పెంచుకున్న పోకెమాన్ మాట జవదాటదు. ఇతరుల దగ్గర మార్చుకుని తెచ్చుకున్నది, లెవెల్ ఎక్కువై మన బ్యాడ్జ్‌లు చాలకపోతే మొండికేస్తుంది. అక్కడ లెక్క తేలితే చాలు, ఇక్కడ మనసు గెలవాలి.

యాష్ ఒక ప్రాంతీయ లీగ్ టోర్నమెంట్ గెలవడానికి 2019లో అలోలా ప్రాంతం దాకా ఆగాడు. 2022లో అప్పటి ఛాంపియన్ లియాన్‌ను ఓడించి ప్రపంచ ఛాంపియన్ అయ్యాడు. అప్పటికీ వయసు పదేళ్లే. ఆడేవాడు మాత్రం రెడ్‌ను ఒక్క సెలవుల్లోనే ఛాంపియన్ చేయగలడు. దీనికి తెలివితేటలతో సంబంధం లేదు. గేమ్ పూర్తి కావాలి, కార్టూన్ వచ్చే వారం కూడా రావాలి.

6. మధ్యలో మూడోవాడిని నిలబెట్టండి

చాలామంది వదిలేసే అడుగు ఇది. 2013లో పోకెమాన్ ఆరిజిన్స్ అని నాలుగు భాగాల కార్టూన్ వచ్చింది. హీరో యాష్ కాదు, రెడ్. చార్మాండర్‌ను ఎంచుకుంటాడు, గేమ్ దారిలోనే పోతాడు, మాట్లాడతాడు కూడా. దీన్ని రెండు గళ్ల మధ్య పెడితే అసలు లెక్క తేలుతుంది. యాష్‌లో, ఈ రెడ్‌లో రెండింటిలోనూ ఉన్నది కార్టూన్ కావడం వల్ల వచ్చింది: మాట, ముఖంలో భావం, భయం. యాష్‌లో మాత్రమే ఉన్నది యాష్‌దే: ఆలస్యంగా లేవడం, గెలుపు వదిలేయడం. అప్పుడు "కార్టూన్ కదా, అట్లనే ఉంటది" అని ఎవరూ తప్పించుకోలేరు.

7. రాసేటప్పుడు

ఒక్కో పేరాలో ఒక్క ఘటనే పెట్టండి. గేమ్ వైపు చెప్పాక కార్టూన్ వైపు చెప్పండి, చివర్లో మీ మాట ఒక్కటి. "రెండూ వేటికవే గొప్ప" అని ముగించొద్దు, అది తీర్పు చెప్పడం ఇష్టం లేనివాళ్ల మాట. మీకు ఏది నచ్చిందో, ఏ ఘటన వల్ల నచ్చిందో చెప్పండి.

ఈ పద్ధతి చేతికొచ్చాక సోనిక్ అనే ఇంకో గేమ్ హీరోను పట్టుకోండి. గేమ్ 1991లో వచ్చింది. 1993 సెప్టెంబర్‌లో అమెరికాలో అతని మీద ఒకేసారి రెండు కార్టూన్‌లు మొదలయ్యాయి, ఒకటి పూర్తిగా నవ్వులాట, ఇంకొకటి నియంత మీద తిరుగుబాటు కథ. రెండింట్లోనూ గొంతు జలీల్ వైట్‌దే. అక్కడ ఆరో అడుగు కోసం వెతుక్కునే పని లేదు, మూడోవాడు ముందే సిద్ధంగా ఉన్నాడు.