పాత శాంప్లర్ బ్యాంకులను ఇప్పటి పాటల్లో వాడటం ఎలా?

పాతకాలపు శాంప్లర్ల (శబ్దాల ముక్కలను రికార్డు చేసి మీటల మీద వాయించే యంత్రాలు) కోసం తయారైన సౌండ్ బ్యాంకులు, అంటే ఆ శబ్దాల మూటలు, ఇప్పుడు కంప్యూటర్‌లో తేలిగ్గానే తెరుచుకుంటాయి. వాయించి చూశాక మాత్రం చాలామంది పెదవి విరుస్తారు. అందరూ మెచ్చుకునే శబ్దం ఇదేనా అని అనుమానం. నిజానికి ఆ యంత్రాలు శబ్దాన్ని దాచుకున్న తీరు ఒక ఎత్తయితే, దాన్ని తిరిగి పలికించిన తీరు మరో ఎత్తు. ఫైలులో దొరికేది మొదటిదే. రెండోదాన్ని మనమే కట్టుకోవాలి.

కాబట్టి బ్యాంకు ఏ యంత్రానిదో ముందు తెలుసుకోండి. 1984లో వచ్చిన ఎమ్యులేటర్ 2 ఎనిమిది బిట్లతో, సెకనుకు దాదాపు 27,700 నమూనాలు (శబ్దపు కొలతలు) తీసుకునేది. బిట్లు ఎక్కువైతే ప్రతి కొలతా అంత సూక్ష్మం. 1987 నాటి ఎస్‌పీ-1200 పన్నెండు బిట్లు, 26,040 నమూనాలు. ఆ మరుసటి ఏడాది వచ్చిన అకాయ్ ఎస్1000 మాత్రం పదహారు బిట్లు, 44,100 నమూనాలతో సీడీ స్థాయిని అందుకుంది. నమూనాల సంఖ్యలో సగానికి మించిన పౌనఃపున్యం ఏదీ రికార్డు కాదు. అంటే ఎస్‌పీ-1200 శబ్దంలో 13 కిలోహెర్ట్జ్ పైన అసలు సరుకే ఉండదు. లేనిదాన్ని ఈక్వలైజర్‌తో (పౌనఃపున్యాల హెచ్చుతగ్గులు దిద్దే పరికరం) పెంచాలని చూడకండి.

లైసెన్సు కూడా అప్పుడే చదవండి. కొన్ని బ్యాంకుల హక్కు మొదట కొన్నవారికే పరిమితం. ఎక్కడో ఉచితంగా దొరికినంత మాత్రాన పాటలో వాడుకునే హక్కు రాదు.

ఇక ఫైళ్లను మార్చుకోవాలి. అకాయ్ శాంపిల్ సీడీలను మామూలు కంప్యూటర్ చదవలేదు, కన్వర్టర్ కావాలి. సౌండ్‌ఫాంట్ అనే బ్యాంకు ఫైలు రకంగా మార్చితే పాలీఫోన్ అనే ఉచిత ఎడిటర్‌లో లోపలి అమరికంతా కనిపిస్తుంది. నాకు ఎస్‌ఎఫ్‌జెడ్ అనే మరో ఫైలు రకం మీదే మక్కువ. అది మామూలు అక్షరాల ఫైలు కాబట్టి ఏ మీట నుంచి ఏ మీట దాకా ఏ శాంపిల్ పలకాలో చేత్తో దిద్దుకోవచ్చు.

మార్చేటప్పుడు నమూనాల సంఖ్యను 44,100కు పెంచేయాలనే ఆత్రం వద్దు. ఆ పొరపాటుతో నేను ఒక సీడీ మొత్తం పాడుచేసుకున్నాను. తీగ వాద్యాలన్నీ టిక్ టిక్ మనడం మొదలుపెట్టాయి. కారణం లూపులు. పాత యంత్రాల్లో మెమరీ తక్కువ కాబట్టి, స్వరం నిలబడాలంటే శాంపిల్‌లో ఒక చిన్న ముక్కను తిప్పితిప్పి వాయించేవారు. 44,100 దగ్గర 100 నమూనాల లూపు 441 హెర్ట్జ్ పలుకుతుంది. సంఖ్య మార్చాక లూపు నిడివిని పూర్ణసంఖ్యకు సరిచేయడంలో ఒక్క నమూనా పెరిగి 101 అయితే అది 436.6కు పడిపోతుంది. అంటే 17 సెంట్లు (అర్ధస్వరంలో నూరో వంతు ఒక సెంటు) అపశ్రుతి, చెవికి ఇట్టే తెలిసిపోతుంది. మూల సంఖ్యనే ఉంచండి, మిగతా పని ప్లేయర్ (బ్యాంకును వాయించే సాఫ్ట్‌వేర్) చూసుకుంటుంది. లూపు బిందువులు ఫైలుతో పాటు వచ్చాయో లేదో ఒక స్వరాన్ని పది సెకన్లు నొక్కి పట్టి వినండి.

ఇప్పుడు వాయించే తీరు. నేటి ప్లేయర్లు పిచ్ మార్చినప్పుడు నమూనాల మధ్య ఖాళీలను లెక్కగట్టి నునుపు చేస్తాయి. ఎస్‌పీ-1200 అలా చేసేది కాదు, నమూనాలను దాటేసేది లేదా మళ్లీ చదివేది. అందరూ వెతికే ఆ గరుకు అక్కడిదే. మీ ప్లేయర్‌లో ఇంటర్‌పొలేషన్ అనే ఆ నునుపు చేసే పనిని ఆపే వీలుంటే ఆపండి. దానికి బదులు బిట్లను తగ్గించే బిట్‌క్రషర్ తగిలిస్తే రణగొణ తప్ప ఆ రుచి రాదు. ఎమ్యులేటర్ 2లో ప్రతి స్వరానికీ అనలాగ్ లో-పాస్ ఫిల్టర్ (పై పౌనఃపున్యాలను తగ్గించేది) ఉండేది, కాబట్టి ఆ బ్యాంకులకు 24 డెసిబెల్ ఫిల్టర్ జోడించండి.

ఎస్‌పీ-1200లో మొత్తం మెమరీ పది సెకన్లే. అందుకని నిమిషానికి 33 చుట్లు తిరగాల్సిన గ్రామఫోన్ రికార్డును 45 మీద తిప్పి శాంపిల్ చేసి, తర్వాత పిచ్ దించేవారు. మీరూ ఏదైనా డ్రమ్ ముక్కను 1.35 రెట్లు వేగంగా చేసి, పన్నెండు బిట్లకు, 26,040 నమూనాలకు దించి, ఇంటర్‌పొలేషన్ లేకుండా ఐదు అర్ధస్వరాలు, ఆపైన 20 సెంట్లు కిందికి లాగండి. పొదుపు కోసం పట్టిన ఉపాయం ఎంత మందమైన స్నేర్ డ్రమ్ శబ్దాన్ని ఇస్తుందో వింటే తెలుస్తుంది.

మీటలన్నీ వరుసగా వాయించి శాంపిల్ మారే అంచులు గుర్తించండి. కంపనతో (వైబ్రాటో) రికార్డైన వయొలిన్‌ను పై స్థాయికి లాగితే కంపన కూడా వేగమై వణుకులా వినిపిస్తుంది. అక్కడ వాయించకపోవడమే మేలు. వేలి ఒత్తిడికి తగ్గ పొరలు చాలా బ్యాంకుల్లో ఉండవు కాబట్టి, ఒత్తిడిని శబ్ద స్థాయికి కాక ఫిల్టర్‌కు ముడిపెట్టండి.

మిక్సింగ్‌లో మోనోను (ఒకే చానెల్ శబ్దాన్ని) మోనోగానే ఉంచండి. పాటకు ఇలాంటివి ఒకటి రెండు చాలు, అన్నీ గరుకైతే ఏదీ గరుకుగా అనిపించదు. వాయింపు కుదిరాక ఆడియోగా రికార్డు చేసి, బ్యాంకు పేరు, దించిన పిచ్, ఫిల్టర్ అమరిక ఫైలు పేరులోనే రాసుకోండి.